అ మొదలయ్యే చోటు

లోపలికి నాలుగింటికి గానీ వదలరని తెలిసి కూడా అతను మూడింటికే వచ్చి, వార్డు బయట వరసగా బిగించిన ఇనప కుర్చీల్లో చివరిదాంట్లో కూర్చున్నాడు. ఇంట్లో ఉండి చేసేదేమీ లేదు, ఇక్కడా చేసేదేమీ లేదు, కానీ ఇక్కడైతే ఏమీ చెయ్యకుండా కూర్చున్న మనిషిని ఎవరూ ఏమీ అడగరు. ఎదురుగా గోడకి నీలం రేకు, దానిమీద తెల్లగా, నిశ్శబ్దం పాటించండి. శ కింద శ ఒత్తు, బ కింద ద ఒత్తు, రెండూ పక్కపక్కనే పడి ఒకదాన్నొకటి రాసుకోకుండా సర్దడానికి ఒకప్పుడు వారం రోజులు తల బద్దలుకొట్టుకున్నాడు. అవి అతని అక్షరాలు. ఈ రేకు అతను రాసింది కాదు, ఈ ఆసుపత్రిలోకి అతను అడుగు పెట్టడమే అక్క పడిపోయిన రోజున. కానీ అక్షరాలు అతనివే. దానికింద చెప్పులు ఇక్కడ విడవండి, అదీ అతనిదే. ఎక్స్‌రే అన్న బోర్డు, మంచినీళ్ళ డ్రమ్ము మీద గ్లాసు ముంచరాదు, లిఫ్టు పక్కన ఇది రోగులకు మాత్రమే, అన్నీ అతనివే. చూస్తున్నాడు. రేకుకి రంగు ఉన్నట్టు, డ్రమ్ముకి మూత ఉన్నట్టు, అవీ ఉన్నాయి. అంతకు మించి లోపల ఏదీ కదలలేదు.

చూపు ఉందండీ, అంది డాక్టరమ్మ పొద్దున, ఫోనులో కాదు, ఎదురుగా నిలబెట్టి నెమ్మదిగా చెప్పింది. మాట ఉంది. చెయ్యి పనిచేస్తోంది, పేరు రాయమంటే చక్కగా రాశారు. చదవడం ఒక్కటే పోయింది. ఎక్కడికి పోయింది, అని అడిగాడు అతను, అడిగాక గానీ అదెంత పిచ్చి ప్రశ్నో తెలియలేదు. ఆవిడ నవ్వలేదు. అక్షరాన్ని చూసి ఇది ఫలానా అని గుర్తుపట్టే చోటు ఒకటుంటుంది మెదడులో, అక్కడికి కాసేపు రక్తం అందలేదు, కుడిపక్క చూపు కూడా కొంత తగ్గింది, ఆవిడ రాసింది ఆవిడకే చూపిస్తే ఇదేమిటని అడిగారు, అంది. అప్పుడు అతనికి అయ్యో అనిపించలేదు. అయ్యో అనిపించాలి గదా అని మాత్రం అనిపించింది. అక్క ముప్పై ఏళ్ళు ప్రూఫులు దిద్దిన మనిషి. బస్సు టికెట్టు చేతికిస్తే వెనక ఏం రాసుందో చదివాక గానీ పర్సులో పెట్టుకోదు. అలాంటి మనిషికి చదవడం పోయిందంటే చేపకి నీళ్ళు పోవడం, అని మనసులో ఒక వాక్యం తయారైంది. తయారైన వాక్యాన్ని కూడా అతను దూరం నుంచే చూశాడు, ఎవరో రాసిన శీర్షికని చూసినట్టు.

శీర్షికలు రాయడమే అతని పని. వారపత్రిక ఆఫీసులో మేడమీద, కిటికీ పక్కన, ఏటవాలు బల్ల. బల్లకి ఎడమవైపు నల్ల సిరా, కుడివైపు తప్పులు చెరపడానికి తెల్ల రంగు, మధ్యలో అతను. కథ చదివి దానికి తగ్గట్టు పేరు రాయాలి. దెయ్యం కథకి ఒక రకం, పెళ్ళి కథకి ఒక రకం, ఏడుపు సీరియల్ అయితే కొమ్ములు కొంచెం వాలాలి. ఆఫీసులో అతన్ని సున్నా అనేవారు, కొలబద్దా గీతా లేకుండా ఒక్క విసురులో గుండ్రంగా సున్నా పెడతాడని. కొత్తగా చేరినవాళ్ళు ఆ పేరు విని ఈయన ఏ పనికీ రానివాడు కాబోలనుకునేవారు, అదొక నవ్వు. పక్క గదిలో అక్క. ఆ ఉద్యోగంలో అతన్ని చేర్పించిందే అక్క. ఒకరు అసలు ప్రతి బయటికి చదువుతుంటే అక్క ప్రూఫు మీద పెన్సిలుతో వెంట నడిచేది, కామాని కామా అనీ, చుక్కని చుక్క అనీ చదవాలి. గోడ అవతల నుంచి రోజంతా ఆ గొణుగుడు వినిపించేది, ఆమె వెనక్కి తిరిగి కామా అతను లేడు చుక్క. ఆ గొణుగుడులోనే అతని సున్నాలు తిరిగేవి. మధ్యాహ్నం అక్క డబ్బా పట్టుకుని వచ్చి బల్లమీద ఆరుతున్న శీర్షిక మీదికి వంగి, ఇవాళ నీ వ అక్షరానికి కడుపు నొప్పేంట్రా, అలా ముడుచుకుంది, అనేది. నిజంగానే కడుపు నొప్పి అక్షరానికి కాదు, అతనికి.

ఎవరో స్ట్రెచర్ తోసుకుంటూ పోయారు, దాని చక్రం ఒకటి కీచుమంటోంది. అతను కాళ్ళు కుర్చీ కిందికి లాక్కున్నాడు.

ఆఫీసులోకి కంప్యూటరు యంత్రం వచ్చిన రోజున కూడా చెప్పులు విప్పమన్నారు. కింద అంతస్తులో కాగితం బేళ్ళు పెట్టే గది ఖాళీ చేసి, అద్దాలు బిగించి, చల్లటి గాలి పెట్టి, మధ్యలో దాన్ని కూర్చోబెట్టారు. దుమ్ము పడకూడదట. మేడమీదున్న వాళ్ళంతా ఉక్కపోతలో చొక్కాలు పీక్కుంటూ అద్దం ఇవతల నుంచి చూసేవారు, యంత్రం మాత్రం స్వెట్టరు వేసుకోవాల్సినంత చల్లగా కాపరం చేసేది. దాన్ని నడపడానికి ఒక ఇంజినీరమ్మ వచ్చింది, పొట్టిగా, గబగబా మాట్లాడుతూ, ఎప్పుడూ చేతిలో గళ్ళ కాగితం. మాస్టారూ, మీ అక్షరాలు దీనికి నేర్పాలి, అంది. అదేమైనా చిలకా అన్నాడు అతను. మొదట తెరమీద అక్షరం కనిపించిన రోజు అందరూ విరగబడి నవ్వారు. ఆకుపచ్చ చుక్కలు, మెట్లు మెట్లుగా, సున్నా అనేది ఎనిమిది మూలల రాయిలా. మీ సున్నాకి మశూచి సోకింది అని ఎడిటరుగారు అన్నారు. ఇంజినీరమ్మ కూడా నవ్వింది. మంచి మనిషి. తర్వాత ఎన్ని మాట్లాడుకున్నా, ఆ రోజుల్లో ఆ గదిలో అతను సుఖంగానే ఉన్నాడన్నది నిజం. ఎవరూ అంతకు ముందు అతని అక్షరం ముందు అంతసేపు కూర్చోలేదు.

అన్నీ విడివిడిగా కావాలి మాస్టారూ, అనేది ఆవిడ. తలకట్టు ఒకటి విడిగా, గుడి విడిగా, కొమ్ము విడిగా, ఒత్తులన్నీ విడిగా. అతను కాగితం మీద కలం పెట్టి అలాగే ఉండిపోయాడు. క ఒత్తు రాయడం అతనికి నిద్రలో కూడా వచ్చు, కానీ పైన ఏ అక్షరమూ లేకుండా ఒక్క ఒత్తుని ఖాళీలో ఎక్కడ పెట్టాలి, ఎంత పెట్టాలి, దేని కింద ఉన్నానని అది అనుకోవాలి? ముందు పెన్సిలుతో క రాసుకుని, దాని కింద సిరాతో ఒత్తు రాసి, పెన్సిలు చెరిపేసి ఇచ్చాడు. ఆవిడ ఒత్తుని గళ్ళలోకి దింపుకుంది. అలా నెలల తరబడి అక్షరాల తలలు, తోకలు, పొట్టలు విడదీశారు. ఇక అ. ఎన్ని అలు రాశాడో లెక్కలేదు, ఒక కట్టెడు కాగితాలు. ఆవిడ అన్నీ నేలమీద పరిచి వాటి మధ్య బాసింపట్టు వేసుకుని కూర్చుని అడిగింది. వీటిలో మీ అ ఏది మాస్టారూ? అన్నీ నావేనమ్మా. అలా కాదు, ఒక్కటే కావాలి. ఒక్కటే ఎలా ఉంటుందమ్మా, ఇది పొద్దున రాసింది, ఇది అన్నం తిన్నాక. ఆవిడ తల గోక్కుంది. దానికి ఒక్క అ తెలిస్తే చాలు మాస్టారూ, ఇక జీవితాంతం మర్చిపోదు, అంది. అతను చివరికి ఒకదాన్ని వేలితో చూపించాడు. ఎందుకు దాన్నే చూపించాడంటే, అది కాలికి దగ్గరగా ఉంది.

వేరే రోజైతే ఈ మాట గుర్తొచ్చి నవ్వుకునేవాడేమో. రెండు కుర్చీల అవతల ఒక ముసలాయన మందుల చీటీ పట్టుకుని, కళ్ళజోడు నుదుటిమీదికి తోసి, ముక్కుకి ఆనించుకుని చదువుతున్నాడు, భోజనానికి ముందు. అదీ అతనిదే. భోజనానికి ముందు, భోజనం తర్వాత, పిల్లలకు అందనివ్వకండి.

తర్వాత వచ్చిన మార్పు చెప్పాలంటే, ముందు మారింది చెయ్యి కాదు, కన్ను. గళ్ళలో అక్షరాలు నింపీ నింపీ, గళ్ళు అతని కంట్లోకి వచ్చి కూర్చున్నాయి. మొక్క ఆకుని చూస్తే దాని అంచు ఎన్ని మెట్లు అని లెక్క. గోడమీద నీడ వంకరని చూస్తే దాన్ని సరిచెయ్యడానికి రెండు చుక్కలు తీసెయ్యాలనిపించేది. ఒక సాయంత్రం డాబామీద నిలబడి, చందమామ కుడి అంచు సరిగ్గా రాలేదు అన్నాడు. ఇంట్లో ఆవిడ బట్టలు మడతపెడుతూ, మీరు కళ్ళజోడు మార్పించుకోండి, అంది. మార్పించాడు. అంచులు ఇంకా స్పష్టంగా కనిపించాయి. ఇంట్లో ఆవిడ నిద్రపోతుంటే ఆవిడ చెంప గీత మీద ఎక్కడ చుక్క పెట్టాలి, ఎక్కడ తియ్యాలి అని చూస్తూ ఉండిపోయిన రాత్రి ఒకటుంది. ముఖం చూడలేదు, గీత చూశాడు. ఆవిడకా మాట ఎప్పుడూ చెప్పలేదు, చెప్పడానికి అందులో ఏముంది, అంచు చూశానని చెబుతాడా? యంత్రం నేర్చుకోవడం అయ్యేసరికి మెట్లు పోయాయి, కొత్తవి వచ్చాయి, నున్నటి గీతలు, ఎంత పెద్దది చేసినా చెదరని గీతలు. తెరమీద మెట్లు పోయాక కూడా అతని కంట్లో మెట్లు కొన్నాళ్ళు ఉన్నాయి. అవి పోయిన రోజు ఏదో అతనికి తెలియదు. ఆకు మళ్ళీ ఆకైంది, చందమామ గుండ్రమైంది, కానీ ఇప్పుడు వాటిని చూస్తే లోపల ఏ లెక్కా మొదలవదు, వేరే ఏదీ కూడా మొదలవదు.

ఆ అక్షరాలతో మొదటి సంచిక వచ్చినప్పుడు ఎడిటరుగారు అందరికీ టీలు తెప్పించారు. ఇంజినీరమ్మ వాటికి సున్నా అనే పేరు పెట్టింది, అతని ముద్దుపేరు, అతన్ని గౌరవించడానికే. తర్వాత్తర్వాత అచ్చాఫీసులూ, బోర్డులు చేసేవాళ్ళూ అందరూ ఆ అక్షరాలే వాడుకున్నారు. పత్రిక మొత్తం ఒకే చేత్తో రాసినట్టుంది, ఒకే రోజు, ఒకే గంటలో, ఒకే ఊపిరిలో. అక్క సంచిక మొత్తం తిరగేసి, చక్కగా ఉందిరా, అంది. అంతే అంది. నెలా రెండు నెలలకి, మెట్లమీద కూర్చుని డబ్బా తెరుస్తూ, పని సగం టైములో అయిపోతోందిరా, అంది. మంచిదే కదా అన్నాడు. మంచిదే, కానీ ఏం చదివానో గుర్తుండట్లేదు. ఇదివరకు ఎక్కడో ఒక అక్షరం కొంచెం లావుగా, ఒకటి వంకరగా, కాలికి గరుకు తగిలినట్టు తగిలేది, అక్కడ ఆగేదాన్ని. ఇప్పుడు నున్నటి గచ్చుమీద సాక్సులతో నడిచినట్టుంది, అటు చివర తేలుతున్నాను. అలా అన్న కొద్దిరోజులకే వాన తర్వాత పడవ అనే సీరియల్ వాన తర్వాత పడక అని అచ్చయింది, అంత లావు అక్షరాలతో, పేజీ నెత్తిమీద. ఊరంతా నవ్వింది. రచయిత వచ్చి ఆఫీసు కప్పు ఎగిరేలా అరిచాడు. మూడుసార్లు చూశానండీ, మూడుసార్లూ పడవ అనే చదివాను, అంది అక్క ఎడిటరుగారితో, గొంతు పెంచకుండా. అక్క చేతిమీదుగా పోయిన మొదటి తప్పు అది. అతని బల్లమీదైతే ఆ వ వ లాగా పుట్టేది, పడవ కదా అని దాన్ని కొంచెం తేల్చి రాసేవాడు, అది క అవడానికి దారే లేదు. ఈ మాట అప్పుడు అక్కకి చెప్పాలనుకున్నాడు. ఆ రోజు నుంచి అక్క పంక్తికింద స్కేలు పెట్టుకుని, ఒక్కో అక్షరాన్నీ పెన్సిలు మొనతో పొడుస్తూ చదవడం మొదలుపెట్టింది, రిటైరయ్యేదాకా అలాగే చదివింది.

మావయ్యా, అని పిలుపు. మేనకోడలు, అక్క కూతురు, చేతిలో రెండు కాగితం కప్పులు, భుజాన సంచి. నిన్నటి నుంచి ఇంటికి వెళ్ళినట్టు లేదు, జడ సగం ఊడిపోయింది. ఒక కప్పు అతనికిచ్చి పక్కన కూలబడింది.

"ఎప్పుడొచ్చావు? ఏమైనా తిన్నావా?"

"తిన్నాను. అక్కెలా ఉంది?"

"బానే ఉంది. అదే భయం వేస్తోంది మావయ్యా. బానే మాట్లాడుతోంది. నర్సమ్మ చీర బాగుందంటోంది. పేపరిస్తే మాత్రం తిరగేసి, ఇదేం భాషే, అంది." మేనకోడలు ఊడిన జడ వెనక్కి తోసుకుంది. "పొద్దున ఒక్కసారి ఏడ్చింది. ఎందుకమ్మా అంటే, ఏడవడానికి కాదే, కళ్ళు కడుక్కుంటే కనిపిస్తుందేమోనని, అంది."

అతను టీ తాగాడు. వేడిగా ఉంది, అది తెలిసింది.

"మాటలు నేర్పే అమ్మాయి రేపొస్తుందట. ఈలోగా చూపించమని కార్డులు పంపించింది. చిన్నపిల్లలవి." సంచిలోంచి తీసింది, అరచెయ్యంత అట్టముక్కలు, ఒక్కోదాని మీద ఒక్క అక్షరం, నల్లగా. "నీవే కదా ఇవి? అమ్మకి చెప్పాను, మావయ్య రాసినవే అని. ఊహూఁ. విసిరేసింది. నువ్వు చూపిస్తే ఏమైనా..." కార్డులు ఒళ్ళో పెట్టుకుంది. "నువ్వు ఒక్కసారి చూపించు మావయ్యా. నాకింకేం తోచట్లేదు."

అలాగే అన్నాడు. మేనకోడలు తల వెనక్కి వాల్చి కళ్ళు మూసుకుంది, కూర్చున్నపళాన నిద్రపోయింది. నోరు కొద్దిగా తెరుచుకుని, చిన్నప్పటిలాగే. ఈ పిల్లకి చిన్నప్పుడు బడిలో చార్టు చెయ్యమంటే, నీటి చక్రం, మబ్బులూ చెరువూ తనే బొమ్మ వేసుకుని, పేర్లు మాత్రం మావయ్య రాయాలని మొండికేసింది. రాసిచ్చాడు. మర్నాడు ఏడ్చుకుంటూ వచ్చింది. టీచరు ఎర్ర ఇంకుతో కొట్టేసింది, చేత్తో రాయాలి, కంప్యూటరులో తీసి అంటించరాదు, అని. అంటించలేదని గోకి చూపించినా నమ్మలేదట. సరే ఏడవకు, నీ ముందే రాస్తాను చూడు, అని కొత్త చార్టు పరిచి ఆవిరి అని రాశాడు. పిల్ల ఏడుపు ఆపేసి, ఆ అక్షరాలని కాదు, అతని చేతిని చూసింది. మిక్సీలోకి తొంగిచూసినట్టు చూసింది. వెళ్ళాక అతను తలుపు వేసుకుని, అచ్చులో ఉన్న అ మీద పలచటి కాగితం పెట్టకుండా, పక్కన వేరే కాగితం మీద అ రాసి, తర్వాత దానిమీద పెట్టి కిటికీకి ఎత్తి చూశాడు. కలిసిపోయింది. మళ్ళీ రాశాడు, కలిసిపోయింది. విసురుగా రాశాడు, కోపంగా రాశాడు, ఎడం చేత్తో రాశాడు. ఎడం చేత్తో రాసింది మాత్రం ఎవరిదో చిన్నపిల్లవాడిది, దాంతో ఏం చెయ్యాలో తెలియలేదు. యంత్రం అతని దగ్గర నేర్చుకుంది, సరే, కానీ ఆఫీసులో పగలంతా తెరమీద దాని అక్షరాల మధ్య ఎడం సర్దుతూ, దాన్ని చూస్తూ, చేతికి తెలియకుండానే చెయ్యి దాని దగ్గర తిరిగి నేర్చుకుంది. కాలి దగ్గర పడిన ఆ ఒక్క అ తప్ప మిగిలినవన్నీ పోయాయి. ఆ రోజు కలాలూ కుంచెలూ కడిగి, ఆరబెట్టి, గుడ్డలో చుట్టి పైన పెట్టేశాడు. బాధ పడ్డాడా అంటే, పడటానికి ఏం పోయింది? ఊరంతా అతని అక్షరాలే. బస్సుల మీద అతనే, మందుల మీద అతనే, ఇచ్చట మూత్రము పోయరాదు కూడా అతనే. పోయినవాడి కోసం ఏడవచ్చు. ఇంత మిగిలిపోయినవాడి కోసం ఎవరేడుస్తారు, ఎలా ఏడుస్తారు?

ఈ మధ్యనే, ఒక పెద్ద హాలులో తొలినాటి కంప్యూటర్ కళ అని ప్రదర్శన పెట్టి, ఇంజినీరమ్మ అతన్ని పట్టుబట్టి పిలిపించింది. జుట్టు నెరిసిపోయింది ఆవిడకి, మాట మాత్రం అదే జోరు. తెల్ల గోడమీద ఆ మొదటి మశూచి అక్షరాలు, ఆకుపచ్చ మెట్ల సున్నా, మనిషంత ఎత్తున, అద్దం బిగించి, పైనుంచి దీపం. జనం దానిముందు నిలబడి ఫోటోలు దిగుతున్నారు. ఒకమ్మాయి పక్కనున్నవాడితో, ఎంత ముద్దుగా ఉందో కదా, చేత్తో చేసినట్టుంది, అంది. ఇంజినీరమ్మ అతనికేసి తిరిగి ఏదో చెప్పబోయి, మాస్టారూ, నేను మీ దగ్గరున్న మిగతా అలు కూడా తీసుకోవాల్సింది, అప్పుడు దానికి అంత జాగా లేదు, అంది. ఫరవాలేదమ్మా అన్నాడు. నిజంగానే ఫరవాలేదనిపించింది. ఆవిడ కళ్ళే తడిగా ఉన్నాయి. అతను ఆ సున్నా చుట్టూ ఉన్న ఖాళీ గోడని చూస్తున్నాడు, బాగా సున్నం వేశారు, ఎక్కడా గీత లేదు.

గొలుసు చప్పుడైంది. తెల్లబట్టల మనిషి గేటు తీసి, ఒక్కొక్కరే రండి, ఒక్కొక్కరే, అంటున్నాడు. మేనకోడల్ని లేపకుండా ఆమె ఒళ్ళోని కార్డులు తీసుకుని లోపలికి నడిచాడు. కుడివైపున్న బల్ల లాక్కుని కూర్చోబోతుంటే నర్సమ్మ కేకేసింది, అటు కాదండీ, అటువైపు ఆవిడకి కనబడదు, ఎడమపక్కకి రండి. చుట్టూ తిరిగి వెళ్ళాడు. అక్క దిండుకి ఆనుకుని కూర్చుంది, తల దువ్వుకుని, ఎప్పటి మనిషే.

"వచ్చావా. ఎండలో పడి రాకపోతే ఏం?"

"ఎండేం లేదు."

"చెమటెందుకు పట్టింది మరి?" అక్క అతని చేతిలో కార్డులు చూసి ముఖం తిప్పుకుంది. "వాటిని అవతల పెట్టరా. పొద్దుటి నుంచీ అది ప్రాణం తీసింది వాటితో."

అతను అవతల పెట్టబోయాడు. మేనకోడలికి అలాగే అన్నానని గుర్తొచ్చి, పైనున్న కార్డు అక్క చూపుకి ఎడమపక్కగా పట్టుకున్నాడు. అక్క చూసింది. ప్రూఫు చూసినట్టే చూసింది, కళ్ళు చిన్నవి చేసి, పెదవి బిగించి. ఎంతసేపు చూసినా ఆ చూపు దేనికీ తగులుకోలేదు.

"నల్లగా ఉందని తెలుస్తోంది. గుండ్రంగా ఉందని తెలుస్తోంది. నీదేనటగా?"

"ఊఁ."

"బాగానే ఉన్నట్టుంది." చూపు తియ్యలేదు. "ఒరేయ్, దీనికి మొదలెక్కడరా?"

"ఏంటి?"

"ఎక్కణ్ణుంచి పట్టుకోవాలి దీన్ని? చుట్టూ తిరిగొస్తున్నాను, ఎక్కడా సందు లేదు. ఇది ఎక్కడ మొదలైంది?"

అతను కార్డు తనవైపు తిప్పుకుని చూశాడు. ఎక్కడా మొదలవలేదు. ఇన్నేళ్ళుగా చూస్తున్నాడు, ఎన్నడూ తోచలేదు, అది ఎక్కడా మొదలవలేదు, ఎక్కడా ఆగలేదు, ఒక్కసారిగా మొత్తం పడింది. తెరమీద దాని అంచుల చుట్టూ చుక్కలుండేవి, ఏ చుక్కా మొదటిది కాదు. కలం దిగిన చోటు, సిరా కొంచెం ఎక్కువ కూర్చునే చోటు, ఎప్పుడో నున్నగా చెరిపేశారు, ఇంజినీరమ్మ అడిగితే చెరిపెయ్యమన్నది అతనే. చెప్పాలంటే కంటితో చెప్పలేడు. వేలు కార్డుమీద పెట్టి వెతికాడు. వేలు అటూ ఇటూ తచ్చాడి, లోపలి చిన్న మెలిక దగ్గర ఆగింది. ఇక్కడ. అక్క చూపుడువేలు పట్టుకుని దాని మొన అక్కడ ఆనించి, మెల్లిగా నడిపించాడు, మెలిక తిప్పి, ఎడమగా వెళ్ళి, కిందికి జారి, పొట్ట నింపుకుంటూ కుడికి, పైకి. అక్క వేలు ముందు బరువుగా, లాగితే వచ్చే వస్తువులా వచ్చింది. సగం దాటాక అతను లాగడం లేదు. వేలు తనే వెళుతోంది, అతని వేలికంటే ముందుగా మలుపు తిరిగింది.

"అ," అంది అక్క. ఉలిక్కిపడలేదు, ఏడవలేదు. వంటింట్లో పెట్టిన వస్తువు పెట్టిన చోటే దొరికితే అన్నట్టుగా అంది. "అ కదూ? చూస్తే కాదురా. వెళ్తే అవుతోంది."

కార్డు జారి మంచం కింద పడింది. అతను వంగి తీసుకోలేదు. అక్క చెయ్యి ఇంకా అతని చేతిలోనే ఉంది, దాన్ని వెల్లకిలా తిప్పాడు. ముసలి అరచెయ్యి, మెత్తగా, గుంటలూ గీతలూ, సూది గుచ్చిన చోట దూది. దానిమీద వేలు పెట్టి అ రాశాడు. ఆ చెయ్యి కాగితంలా ఊరుకోలేదు, మెలిక దగ్గర ముడుచుకుంది, పొట్ట దగ్గర గీతలో పడి వేలు ఎగుడుదిగుడుగా పోయింది, అక్షరం ఒక పక్కకి ఒరిగింది, కుడి కొస మణికట్టు మీదికి జారిపోయింది. దిద్దుదామనుకుని, దిద్దకుండా పక్కనే క రాశాడు, తలకట్టు పెట్టాడు, దాని కింద క ఒత్తు రాశాడు. ఏం రాస్తున్నాడో ముందు అనుకోలేదు. చేతికి దగ్గరగా ఉన్న మాట అది. అక్క కళ్ళు మూసుకుని, అరచేతిని అలాగే చాచి, లోపల దాన్ని మళ్ళీ నడిపించుకుంది. పక్క మంచం దగ్గర ఎవరో నారింజ తొక్క ఒలుస్తున్నారు.

"ఏంట్రా?" అంది అక్క.

అతనికి వెంటనే అర్థం కాలేదు. "ఏంటి, ఏంటి?"

"పిలిచావుగా."

అతను ఆ చేతిని రెండు చేతులతోనూ పట్టుకున్నాడు. ఇన్నాళ్ళూ తెలియని బరువేదో ఇప్పుడు ఆ చేతిలో తెలుస్తోంది.

"చెప్పు, వింటున్నాను," అంది అక్క, చెయ్యి వెనక్కి తీసుకోకుండా.